సర్వతోభద్ర మండలానికి పంచవర్ణ పొళ్లు: ఎరుపు నిలవడం లేదు, పసుపు అంచు ఎర్రబడుతోంది

పీటమీదముగ్గు:

వ్రతాల్లో కలశం కింద రంగు పొళ్లతో వేసే గళ్ల పీఠం, సర్వతోభద్ర మండలం. దానికి బజారు రంగులు వద్దనుకుని అయిదు పొళ్లూ ఇంట్లోనే చేసే ప్రయత్నం ఇది. కొలత ఒక మూర చదరం, అంగుళం గళ్లు, పీట మీద తెల్ల నూలు గుడ్డ.

తెలుపుకి బియ్యప్పిండి, చాలక కొంత సున్నం పొడి కలిసింది. పసుపుకి వంటింటి పసుపే. ఎరుపుకి పసుపులో తడి సున్నం కలిపి ఎండలో ఆరబెట్టినది. ఆకుపచ్చకి మారేడాకు ఎండబెట్టి దంచిన పొడి. నలుపుకి మూకుట్లో కాల్చిన ఊక.

ఎరుపు చేసిన రోజు దాసానిపువ్వులా ఉంది, వారం తిరిగేసరికి ఇటుక రంగు, ఆ తర్వాత మళ్లీ ముదురు పసుపు. మండలం వేశాక నీళ్లు చల్లితే, మధ్య పద్మం చుట్టూ ఉండే పసుపు వరసకి తెలుపు ఆనుకున్న చోటల్లా సన్నటి ఎర్ర గీత పుట్టింది, ఎవరో గీసినట్టు. ఆకుపచ్చ ఎండుగడ్డి రంగుకి తిరిగింది. నలుపు నలుపు కాదు, బూడిద రంగు. అన్నీ తలా వంద గ్రాములు చేస్తే తెలుపు సగంలో అయిపోయింది, నలుపు డబ్బాడు మిగిలింది.

ఇంకొకటి. వల్లికి, అంటే మండలంలో తీగలా వచ్చే గళ్లకి, శ్లోకంలో "నీలేన" (నీలంతో) అని ఉంది, వేసేవాళ్లేమో ఆకుపచ్చ వేస్తున్నారు. ఏది సరి? రంగు తప్పితే పిలిచిన దేవత ఆ స్థానంలో కూర్చోడంటారు కదా, అందుకే ఇంత ఆరా.

-----

జల్లెడ:

మీరు చెప్పినవాటిలో మూడు తప్పులకి మూలం ఒక్కటే. పసుపు రంగు మాత్రమే కాదు, అదొక పరీక్ష కాగితం. పులుపులో పసుపుగానే ఉంటుంది, క్షారం తగిలితే ఎర్రబడుతుంది. ఆ గుణం దానిలోని కర్కుమిన్ అనే రంగు పదార్థానిది. హారతి పళ్లెంలో పసుపునీళ్లకి చిటికెడు సున్నం వేస్తే ఎర్రనీళ్లు అయ్యేది ఇందుకే.

మీ తెలుపులో సున్నం ఉంది. పొడిగా ఉన్నంతసేపూ పక్కనున్న పసుపు జోలికి పోదు. నీటి చుక్క పడగానే సున్నం కరిగి గడి దాటుతుంది. మీరు చూసిన ఎర్ర గీత అదే. తెలుపులో సున్నం ఒక్క చెంచా కూడా ఉండకూడదు. బియ్యప్పిండి చాలకపోతే మరికొంచెం బియ్యం పట్టించండి, అంతే. ముగ్గురాయి పొడి సున్నం అంత ఘాటు కాదు కానీ తడిలో అదీ పసుపుని కాస్త నారింజ వైపు లాగుతుంది.

ఎరుపు వెనక్కి పోవడానికి రెండు కారణాలు. సున్నం గాలిలోని బొగ్గుపులుసు వాయువుని పీల్చుకుని మెల్లగా సుద్ద అయిపోతుంది. క్షారం తగ్గింది కనుక పసుపు తన రంగుకి తను వచ్చేస్తుంది. రెండోది, క్షారంలో తడిగా ఎక్కువసేపు ఉంటే కర్కుమినే విరిగిపోతుంది, అప్పుడు వచ్చేది గోధుమరంగు. మీరు జారుగా కలిపి ఎండలో పెట్టారంటే రెండు దెబ్బలూ తగిలాయి. పసుపుకి ఎండ అసలే పడదు, కిటికీ పక్కన పెట్టిన పసుపు డబ్బా పైపొర వెలిసిపోవడం చూసే ఉంటారు.

సున్నంతోనే చేయాలనుకుంటే ఇలా:

పది చెంచాల పసుపుకి ఒక చెంచా పొడి సున్నం. సున్నాన్ని ముందు గుడ్డలో జల్లించాలి, గడ్డ ఒక్కటి ఉన్నా అక్కడ ముదురు మచ్చ పడుతుంది. రెండూ పొడిగానే కలిపి, చేత్తో కాకుండా చెక్క గరిటెతో తిప్పుతూ, నీళ్లు చుక్కచుక్కగా వేయండి. పిడికిట పడితే ముద్ద కట్టాలి, వేలితో నొక్కితే విరగాలి. పుట్టు పిండికి తడి ఎంతో ఇక్కడా అంతే. రంగు చాలలేదనిపిస్తే సున్నం అర చెంచా పెంచండి. అంతకు మించితే పొడి తెల్లబారుతుంది, వేళ్లు మండుతాయి. పేపరు మీద పల్చగా పరిచి నీడలో ఫ్యాను కింద ఆరబెట్టి, గలగలమనగానే గాలి చొరని సీసాలో నిండుగా నింపాలి. సీసాలో ఖాళీ ఉంటే ఆ ఖాళీలోని గాలే దాన్ని తినేస్తుంది. పూజకి రెండు మూడు రోజుల ముందు మాత్రమే చేయండి. ఇది నిలవ సరుకు కాదు.

నిలవ ఉండాలంటే కుంకుమ పద్ధతి. పావుకిలో పసుపు కొమ్ములు చిన్న ముక్కలుగా కొట్టి, పాతిక గ్రాముల వెలిగారం (బోరాక్స్), పాతిక గ్రాముల పటిక పొడి చేసి, ఎనిమిది పది నిమ్మకాయల రసంలో కరిగించి అందులో వేయాలి. ఇత్తడి, రాగి, ఇనుము వద్దు, గాజు గానీ పింగాణీ గానీ మంచిది. రెండు రోజులు పూటపూటా కలియబెట్టి, నీడలో బాగా ఎండాక దంచి వస్త్రగాళితం పట్టాలి, అంటే గుడ్డలో జల్లించాలి. ఇక్కడ ఎరుపు సున్నం వల్ల కాదు, వెలిగారంలోని బోరాన్ పులుపు సమక్షంలో కర్కుమిన్‌తో ముడిపడటం వల్ల. అందుకే గాలికి వెనక్కి పోదు. దీనికి సున్నం తగిలితే మాత్రం నల్లబారుతుంది, ఆ రెండు ఎరుపుల్నీ ఒకే సీసాలో కలపకండి.

బజారు సిందూరం వాడొద్దు. దానిలో కొన్ని రకాలు సీసపు భస్మం. చిటికెలతో గంటల తరబడి పట్టుకునే పొడి అది, పైగా గాలిలో లేస్తుంది.

-----

పద్దెనిమిదిగళ్లు:

కొలత సంగతి చెప్తాను. తలా వంద గ్రాములు అనేదే తప్పు లెక్క. ఈ మండలంలో రంగులకి సమాన వాటా లేదు.

అటూ ఇటూ 19 గీతలు గీస్తే 18 గళ్లు, మొత్తం 324. (18 గీతలు గీసి 17 గళ్లు వచ్చాక తల పట్టుకునేవాళ్లు చాలామంది. గీతలు 19.) పంపకం ఇలా ఉంటుంది:

మూలకొక ఖండేందువు (చంద్రుడి తునక), మూడేసి గళ్లు, నాలుగు మూలలకి 12, తెలుపు.
దాని నుంచి లోపలికి ఐమూలగా శృంఖల (గొలుసు), అయిదేసి గళ్లు, 20, నలుపు.
శృంఖలకి రెండు పక్కలా వల్లి, పదకొండేసి, ఎనిమిది వల్లులకి 88.
వల్లి పక్కన భద్రం, తొమ్మిదేసి, ఎనిమిదింటికి 72, ఎరుపు.
ప్రతి వైపు నడుమ వాపి (బావి), ఇరవైనాలుగేసి, 96, తెలుపు.
పద్మం చుట్టూ పరిధి, 20, పసుపు.
నట్టనడుమ నాలుగు నాలుగుల పదహారు గళ్లలో అష్టదళ పద్మం, రేకులు తెలుపు, కర్ణిక (పువ్వు నడిమి బొడ్డు) పసుపు.

కూడితే 324 సరిగ్గా వస్తుంది. వేసే ముందు ఒక వైపు సరిచూసుకోవడానికి ఇంకో లెక్క: బయటి నుంచి పరిధి దాకా ఆరు వరసలు, మూలలూ శృంఖలలూ తీసేస్తే ఆ వరసల్లో మిగిలేవి 14, 14, 12, 10, 8, 6. మొత్తం 64. అందులో రెండు వల్లులు 22, రెండు భద్రాలు 18, వాపి 24. మీ వైపు 64 రాకపోతే శృంఖల ఒక గడి పక్కకి జరిగిందన్నమాట. పొడి పొయ్యకముందే పెన్సిలుతో ఒక్కో గడిలో మొదటి అక్షరం రాసుకోండి, ఖ, శృ, వ, భ, వా, ప. వల్లికి వ, వాపికి వా. ఆ దీర్ఘం మర్చిపోతే మండలమే మారిపోతుంది.

ఇప్పుడు పొడి. అంగుళం గడిలో మిల్లీమీటరు మందాన పోస్తే, చదునుగా కొట్టిన ఒక టీస్పూను ఏడెనిమిది గళ్లకి వస్తుంది. ఆ లెక్కన ఎరుపు పది చెంచాలు, వల్లి రంగు పన్నెండు, నలుపు మూడు, పసుపు మూడున్నర, తెలుపు పదిహేను, పద్మానికి మరో రెండు. చుట్టూ మూడు రేఖలు ఉంటాయి, లోపలి నుంచి బయటికి సత్త్వం, రజస్సు, తమస్సు, అంటే తెలుపు, ఎరుపు, నలుపు. వాటికి రంగుకి రెండేసి చెంచాలు వేసుకోండి. ఒలకడానికీ, దిద్దుబాటుకీ అన్నింటినీ రెట్టింపు చేస్తే చాలు. మీరు చేసిన వంద గ్రాముల నలుపు ఇలాంటి మండలాలు అరడజనుకి పైగా తింటాయి.

గడి రెండంగుళాలకి పెంచితే పొడి నాలుగు రెట్లు, రెండు రెట్లు కాదు. ఇక్కడ చాలామంది మోసపోతారు.

అయినా ఒక మూర మండలంలో చిక్కొకటుంది. మధ్య పద్మం నాలుగంగుళాల చదరమే. దాని మీద కలశం పెడితే రేకులన్నీ కిందకి పోతాయి, పైగా చన్నీళ్లు పోసిన రాగి చెంబు బయట చెమర్చి ఆ తడి కిందకి దిగుతుంది. కలశం కింద పిడికెడు బియ్యం కుప్ప పోసి, చెంబు బయట తుడిచి పెట్టండి. కలశం పెద్దదైతే రెండంగుళాల గళ్లకి వెళ్లడమే నయం, అప్పుడు మండలం అచ్చంగా గజం చదరం.

-----

ఆకుపసరు:

ఆకుపచ్చ, నలుపు నా వంతు.

మారేడాకు తప్పు కాదు, ఆరబెట్టిన తీరే తప్పు. పత్రహరితం నడుమ మెగ్నీషియం ఉంటుంది. వేడి, ఎండ, ఆకులోని సొంత పులుపు కలిసి ఆ మెగ్నీషియాన్ని బయటికి నెట్టేస్తాయి. మిగిలేది ఎండుగడ్డి రంగు. గోంగూర వండగానే పచ్చదనం ఎందుకు చస్తుందో అదే ఇక్కడా.

లేతా ముదురూ కాని ఆకు కోయండి, ఈనెలు తీసేయండి. ఈనె దంచినా నారే, పొడిలో తెల్లటి పోగులు కనపడతాయి. కడిగి, గుడ్డ మీద ఒత్తి, చీకటి గదిలో ఒక్క పొరగా పరచాలి. రెండు మూడు రోజుల్లో పటపటమని విరగాలి. ముసురు పట్టి ఆరకపోతే నలుపెక్కుతుంది, అప్పుడు మైక్రోవేవ్‌లో ముప్పై సెకన్లు పెట్టి తీసి, తడి ఆరనిచ్చి, మళ్లీ ముప్పై సెకన్లు, ఇలా నాలుగైదు సార్లు. చిత్రంగా అనిపిస్తుంది కానీ, వేడిలో ఉండే సమయం తక్కువ కనుక రంగు ఎండలో కంటే బాగా నిలుస్తుంది.

రంగు గాఢంగా కావాలంటే మునగాకు కలపండి, మారేడు ఒకటికి మునగ రెండు వంతులు. దిరిసెనాకు కూడా మంచి పచ్చన. గోరింటాకు పొడి మాత్రం జాగ్రత్త: పొడిగా ఉన్నప్పుడు చక్కటి పాచి రంగే, ఒక్క నీటిచుక్క పడితే కింద గుడ్డ నారింజ అవుతుంది, మళ్లీ పోదు.

ఆకుని వంటసోడా నీళ్లలో ముంచి తీస్తే పచ్చదనం నిలబడుతుందని కొందరు చెప్తారు. నిజమే, నిలబడుతుంది. కానీ సోడా క్షారం, పొడిలో ఉండిపోతుంది. తడి తగిలిందంటే మీ పసుపు గళ్లకి మళ్లీ అదే ఎర్ర అంచు. కూరకి పనికొచ్చే చిట్కా మండలానికి పనికిరాదు.

నలుపు. మీరు ఊకని మూత లేకుండా కాల్చారు. గాలి తగిలితే ఊక బొగ్గు దశ దాటి బూడిద అవుతుంది, బూడిదకి క్షారం ఉంటుంది, అది కూడా పసుపుకి శత్రువే. చిన్న కుండలో ఊక నొక్కి నింపి, మూతపెట్టి, అంచుని తడిమట్టితో మెత్తి, ఒక్క సన్నటి చిల్లి వదలండి. సెగ మీద పెట్టాక చిల్లిలోంచి ముందు తెల్లటి ఆవిరి, తర్వాత ఘాటు పొగ వస్తుంది. పొగ పూర్తిగా ఆగాక దించి, చిల్లి మూసి, కుండ చల్లబడేదాకా మూత తియ్యొద్దు. వేడిగా ఉన్నప్పుడు తీస్తే లోపలి బొగ్గంతా అప్పుడే అంటుకుంటుంది. ఆత్రం వల్ల చెడేది ఇక్కడే ఎక్కువ. గది బయట చేయండి, ఆ పొగ మంచిది కాదు.

దంచాక తెల్లకాగితం మీద వేలితో రుద్దితే నల్లటి చార పడాలి. నెరిసిన చార పడితే బూడిద కలిసినట్టే. దీపపు మసి వాడొద్దు, అది పొడిలా జారదు, ఎక్కడ పడితే అక్కడ అంటుకుంటుంది, పక్కనున్న తెల్ల గళ్లని ముందు పాడు చేస్తుంది.

-----

పీటమీదముగ్గు:

64 లెక్క వేసి చూస్తే శృంఖల నిజంగానే ఒక గడి పక్కకి ఉంది. ధన్యవాదాలండీ.

రెండు అనుమానాలు. పొడి ఎంత సన్నగా ఉండాలి? వస్త్రగాళితం పట్టిన పిండి చిటికెలోంచి జారక ముద్దగా పడుతోంది. నీళ్లు చల్లే ఘట్టం ఎలా దాటాలి?

-----

నూలుతాడు:

తినే పిండికీ ఈ పొడికీ తేడా ఉంది. పూర్తిగా మెత్తని పొడి గాలిలో తడి పీల్చుకుని కట్టుకుపోతుంది. రెండు వంతులు మెత్తటిది, ఒక వంతు సన్నరవ్వలాంటిది కలిస్తే బొటనవేలు, చూపుడువేలు నడుమ నుంచి దారంలా జారుతుంది. బియ్యాన్ని నానబెట్టకుండా పొడిగానే పట్టించండి, నానిన పిండి ఎంత ఆరబెట్టినా అంటుకుంటుంది. వేసే ముందు అన్ని పొళ్లనీ ఓ అరగంట సన్నసెగ మీది పెనం పక్కన పెట్టి చెమ్మ తీయండి. పెనం మీద కాదు, పక్కన.

గీతలకి సున్నం తాడు వాడకండి, కారణం పైన చెప్పారు. నూలుతాడుకి జాజు (ఎర్రమన్ను) పట్టించి ఇద్దరు రెండు కొసలా బిగించి, నడుమ పైకి లాగి వదిలితే చక్కని గీత పడుతుంది. జాజు రాతిరంగు, ఎవరితోనూ కలవదు. నిజానికి భద్రాలకి కూడా జాజు వేయొచ్చు, ఎండకీ గాలికీ తడికీ మారని ఎరుపు అదొక్కటే. కాంతి తక్కువ, కుంకుమ పక్కన పెడితే మట్టిలా కనిపిస్తుంది, అదే దాని లోపం. జాజు మూడు వంతులకి కుంకుమ ఒక వంతు కలిపితే రెండు గుణాలూ వస్తాయి.

పోయడం నడుమ నుంచి బయటికి. పద్మం, పరిధి, శృంఖలలు, తర్వాత ఒక్కో వైపు వల్లి, భద్రం, వాపి, ఆఖరున ఖండేందువులు, మూడు రేఖలు. బయట నుంచి మొదలెడితే నడుమకి వచ్చేసరికి మోచెయ్యి వేసిన గళ్ల మీదే ఆనుతుంది. ప్రతి గడిలో ముందు అంచు గీతలా పోసి, తర్వాత లోపల నింపండి. నడుమ పోసి అంచుకి నెడితే పొడి గీత దాటుతుంది. దాటిన పొడిని వేలితో తీయొద్దు, ఎండు దర్భ కొసతోనో సన్నటి కుంచెతోనో తీయండి. ఫ్యాను ఆపండి. గోమయం అలికిన నేల మీద వేసేట్టయితే ముందురోజు సాయంత్రం అలకాలి, పొద్దున్న అలికితే అడుగునుంచి చెమ్మ ఎక్కి పసుపు ముదురుతుంది.

నీళ్ల సంగతి: గుడ్డ పరిచిన వెంటనే, పొడి పొయ్యకముందే ప్రోక్షణ చేయమని పురోహితుడు గారిని ముందే అడగండి. చాలామంది ఒప్పుకుంటారు. తర్వాత చల్లక తప్పదంటే దర్భ కొసతో, మండలం మీద కాక మూడు రేఖల బయట. అక్షతలు పొడివి సిద్ధంగా పెట్టండి, అప్పటికప్పుడు తడి పసుపుతో కలిపిన అక్షత వాపి మీద పడితే ప్రతి గింజకీ ఒక పసుపు మచ్చ.

ఇక "నీలేన". సంస్కృతంలో నీలం అన్న మాట నల్లనలుపుకీ ముదురు ఆకుపచ్చకీ మధ్య ఉన్నదంతా మోస్తుంది. వల్లి అంటే తీగ, కనుక ఆకుపచ్చ వేసే ఆచారం మాటకి విరుద్ధం కాదు. నీలిమందు పొడి వేసేవాళ్లూ ఉన్నారు, అదీ తప్పు కాదు. మీ ఇంటి పద్ధతి, చేయించే వారి సంప్రదాయం ఏదైతే అదే వేయండి. ఒకటి మాత్రం, ఎనిమిది వల్లులూ ఒకే రంగు కావాలి. సగం ఆకుపచ్చ, సగం నీలం వేస్తే ఏ సంప్రదాయానికీ అందదు.

రంగు తప్పితే దేవత కూర్చోడు అన్నదాని గురించి. మండలం బొమ్మ కాదు, పీఠం, ఆసనాల పటం. బ్రహ్మాదులని ఎక్కడెక్కడ ఆవాహన చేయాలో ఆ చోటు రంగుతో గుర్తుపడుతుంది. రంగు ఇక్కడ అలంకారం కాదు, చిరునామా. నవగ్రహ మండపంలో ఇది ఇంకా స్పష్టం: నడుమ సూర్యుడికి ఎర్రటి వృత్తం, ఆగ్నేయాన చంద్రుడికి తెల్లటి చతురస్రం, దక్షిణాన కుజుడికి ఎర్ర త్రికోణం, ఈశాన్యాన బుధుడికి ఆకుపచ్చ బాణం, ఉత్తరాన గురుడికి పసుపు దీర్ఘచతురస్రం, తూర్పున శుక్రుడికి తెల్లటి పంచకోణం, పడమట శనికి నల్లటి విల్లు, నైరృతిలో రాహువుకి చేట, వాయవ్యంలో కేతువుకి ధ్వజం. సూర్యుడికీ కుజుడికీ ఇద్దరికీ ఎరుపే, చంద్రుడికీ శుక్రుడికీ తెలుపే, కనుక రంగు ఒక్కటే చాలదు, దిక్కూ ఆకారమూ కూడా కలవాలి. మూడూ కలిస్తేనే పిలుపు సరైన ఇంటికి చేరుతుందని నమ్మకం. ఆగమ దీక్షల్లో శిష్యుడి కళ్లకి గంతలు కట్టి మండలం మీద పువ్వు వేయించి, అది పడిన చోటుని బట్టి పేరు పెడతారు. అలాంటి చోట గడి తప్పిన పొడికి విలువ ఎంతో ఊహించుకోండి.

అయిదు రంగులు పంచభూతాలని చెప్పేవాళ్లు పృథ్వికి పసుపు, నీటికి తెలుపు, నిప్పుకి ఎరుపు అన్నంతవరకూ కలుస్తారు. గాలికీ ఆకాశానికీ వచ్చేసరికి ఒక్కొక్కరిది ఒక్కో లెక్క. దాని మీద వాదనకి దిగడం దండగ.

-----

కరక్కాయ:

పొళ్లలో తప్పేమీ లేకపోయినా "ఎరుపు చెడింది" అనిపించే సందర్భం ఒకటుంది, అది కూడా చెప్పాలి. ఈ మండలంలో భద్రం ఎరుపు వల్లి ఆకుపచ్చని ఆనుకుని ఉంటుంది. ఆ రెండూ ఎదురెదురు రంగులు, ఒకదాన్నొకటి రెచ్చగొడతాయి. అంచు దగ్గర కన్ను వణుకుతుంది. అదే ఎరుపు వాపి తెలుపు వైపు ముదురుగా కనిపిస్తుంది. ఒకే సీసాలోని పొడి ఒకే గడిలో రెండు వైపులా రెండు రకాలుగా కనపడితే అది కంటి పని, పొడి పని కాదు.

పారిస్‌లో గోబెలిన్ నేతశాలలో అద్దకం విభాగం చూసిన షెవ్రోల్ అనే రసాయనవేత్త దీన్నే తేల్చాడు. నల్ల దారం వెలవెలబోతోందని ఫిర్యాదు వస్తే, దారం బాగానే ఉంది, దాని పక్కన వేసిన నీలం, ఊదా దారాల వల్ల అలా కనిపిస్తోందని చెప్పాడు. ఆ సంగతంతా 1839లో పుస్తకంగా వేశాడు.

మండలంలో దీనికి మందు సులువు. గడికీ గడికీ నడుమ బియ్యప్పిండితో నూలుపోగంత తెల్లగీత వదలండి. ఎరుపు, ఆకుపచ్చ ఒకదాన్నొకటి తాకవు, రెండూ నిలకడగా కనిపిస్తాయి. ఆ గీతే పొడి పొర్లకుండా కట్టలా కూడా పనిచేస్తుంది.

కేరళలో నేల మీద పొళ్లతో దేవత బొమ్మ వేసే కళమెళుత్తులో కూడా ఇవే అయిదు, తెలుపుకి బియ్యం, పసుపుకి పసుపు, ఎరుపుకి పసుపు సున్నం, ఆకుపచ్చకి ఆకు, నలుపుకి ఊకబొగ్గు. అక్కడ సున్నం ఎరుపు వెనక్కి పోదా అని అడగొచ్చు. పోతుంది. కానీ అక్కడ వేసిన కళం ఆ పూటకే, చివర్న చెరిపేస్తారు, వెనక్కి పోయే వ్యవధి దానికి దొరకదు. జల్లెడ గారు రెండు మూడు రోజుల ముందే చేయమన్నది అందుకే సరిపోతుంది. నాకైతే మండలానికి కుంకుమ కంటే సున్నం ఎరుపే అందం, లోపలి నుంచి వెలిగినట్టుంటుంది.

-----

చలిదేశం:

ఇక్కడ మారేడు, దిరిసెన, ఊక ఏవీ దొరకవు. ప్యాకెట్ మునగాకు పొడి, కొబ్బరిచిప్ప బొగ్గు సరిపోతాయా? చలికాలంలో హీటరు వల్ల గది బాగా పొడిగా ఉంటుంది, పొడి వేళ్లకి అంటుకుని గుడ్డ మీదకి దిగడం లేదు.

-----

ఆకుపసరు:

సరిపోతాయి. మునగాకు ప్యాకెట్ తెరవగానే రంగు చూడండి, ఆలివ్ రంగుకి తిరిగి ఉంటే పాతది. చిప్పబొగ్గు ఊకబొగ్గు కంటే బరువు, గట్టిది. బాగా దంచి రెండుసార్లు గుడ్డలో జల్లించాలి, లేదంటే ముక్కలు దొర్లి పక్క గడిలోకి పోతాయి. బార్బెక్యూ బొగ్గు బిళ్లలు కొనకండి, వాటిలో అతుక్కోవడానికి పిండి, ఇంకా ఏవేవో కలుపుతారు.

అంటుకోవడం స్థిర విద్యుత్తు వల్ల. పాలియెస్టర్ గుడ్డ పరిచి ఉంటే మార్చి నూలుది పరవండి. గదిలో ఒక గిన్నెడు నీళ్లు మరిగించి ఆవిరి పట్టనివ్వండి, పీటకి దూరంగా. అప్పటికీ వేళ్లకి అంటితే చిన్న కాగితపు శంకువు చేసి, కొస అగ్గిపుల్ల మందాన కత్తిరించి, గోటితో తడుతూ పోయండి. పిల్లలకి కూడా ఈ పద్ధతే తేలిక.

-----

జల్లెడ:

ఉద్వాసన తర్వాతి సంగతి ఎవరూ ఎత్తలేదు. అన్ని రంగులూ ఒకే చేటలోకి ఊడ్చి తులసికోటలో పోసే అలవాటుంది. బియ్యప్పిండి, ఆకుపొడి, బొగ్గు పోయొచ్చు. సున్నం ఎరుపు కుండీకి ఒక చెంచా మించితే మన్ను చెడుతుంది. వెలిగారం కుంకుమ మొక్కకి అసలు వద్దు, బోరాన్ ఎక్కువైతే ఆకు కొసలు మాడతాయి. అందుకే ఊడ్చే ముందు ఎరుపు గళ్లని విడిగా, చిన్న కాగితంతో ఎత్తేయండి. గీతల నడుమ తెల్ల కట్ట వదిలి ఉంటే ఇది అయిదు నిమిషాల పని.

ఇంకొకటి. మండలం పిండి చీమలకి వేస్తే పుణ్యమని గుమ్మం బయట చల్లుతారు. అందులో వెలిగారం కలిసి ఉంటే అది చీమల మందే, కొట్లో అమ్మే చీమల మందుల్లో కొన్నింట్లో ఉండేదీ అదే. చీమలకైతే వాపి తెలుపు మాత్రమే వేయండి.